‘జిగోకు’ (1960) నరకం: భయపెట్టిందా, నవ్వించిందా?

పాతరీలు:
నిన్న రాత్రి ‘జిగోకు’ చూశాను. పేరుకు అర్థమే నరకం. నొబువో నకగావా తీసిన జపాన్ సినిమా. స్నేహితుడు కారుతో ఒకణ్ణి గుద్ది పారిపోతే, పక్క సీట్లో ఉన్న కుర్రాడిని ఆ పాపం వెంటాడుతుంది. చివరికి అందరూ చచ్చి నరకంలో పడతారు. అక్కడ నాకు నవ్వొచ్చింది. చర్మం ఒలిచిన మనిషి అట! బొమ్మ అని ఇట్టే తెలిసిపోతోంది. దీన్ని గొప్ప హారర్ అని ఎందుకంటారు?

గుడ్డిదీపం:
బొమ్మ అని నాకూ తెలిసింది. కానీ ఆ నరకానికి గోడ ఎక్కడుందో చూపించండి. చుట్టూ చిమ్మచీకటి, పొగ, మధ్యలో ఎర్రటి, ఆకుపచ్చటి లైట్లు. ఎంత పరిగెత్తినా ఎక్కడికీ చేరరు. ఆ చీకటే అసలు ఎఫెక్టు, ఒలిచిన చర్మం కాదు.

పాతరీలు:
డబ్బుల్లేక చీకటి పెట్టి ఉంటారు. ఈ సినిమా తీసిన షింతోహో కంపెనీ మరుసటి ఏడాదే దివాలా తీసింది.

గుడ్డిదీపం:
అయితే ఏంటండీ? డబ్బుల్లేని వంటింట్లో మంచి కూర అవదా?

సందేహి:
మధ్యలో నాదొకటి. తెర మీద ఇంత రక్తం చూపించిన మొదటి సినిమా ఇదేనని కొందరి వాదన. అమెరికాలో ఆ పేరు 1963 నాటి ‘బ్లడ్ ఫీస్ట్’కి ఇస్తారు కాబట్టి, జపాన్ మూడేళ్లు ముందన్నమాట. కానీ 1960 మొదట్లోనే ఫ్రాన్సులో ఒక డాక్టరు ఒకమ్మాయి ముఖం కోసి తీసే సినిమా వచ్చింది. ‘మొదటి’ అనే మాట వదిలేస్తే గొడవ ఉండదు.

కృష్ణఒడ్డు:
‘జిగోకు’లో తీర్పు చెప్పే ఎన్మా మన యముడే. బౌద్ధంతో పాటు చైనా మీదుగా జపాన్ వెళ్లాడు. మన సినిమాల్లో యముణ్ణి చూడగానే నవ్వడం అలవాటైపోయింది, అందుకే మీకు నవ్వొచ్చిందేమో! చిన్నప్పుడు మా అమ్మమ్మ సలసల కాగే నూనె గురించి చెబితే మాత్రం దుప్పటి కప్పుకునేవాణ్ణి. ఆవిడ దగ్గర ఏ ఎఫెక్టులూ లేవు.

పాతరీలు:
ఒక్కటి ఒప్పుకుంటాను. తామరాకు మీద పసిబిడ్డ కొట్టుకుపోతుంటే తండ్రి వెంటపడే చోట నవ్వలేదు. ఉన్నదల్లా ఒక ఆకు, నీళ్లు.

గుడ్డిదీపం:
నేను మొదట్నుంచీ మొత్తుకుంటున్నది అదే కదా.

పాతరీలు:
కాదండీ. నాకు భయమేసింది ఆ బిడ్డ ఏమవుతుందోనని, నరకాన్ని చూసి కాదు.