అప్‌డేట్: ఓడ మాటల ఉచ్చారణ తేలింది

మా అక్క కూతురు తిరుపతిలో ఇంగ్లిష్ స్పెల్లింగ్ పోటీకి ప్రిపేర్ అవుతోంది, బోట్స్‌వెయిన్, గన్‌వేల్, విక్చువల్స్ ఎలా పలకాలని అడిగాను కదా, చెప్పినవాళ్లందరికీ చాలా థ్యాంక్స్. డిక్షనరీ ఆడియో కూడా విన్నాం, మీరు చెప్పిందే కరెక్ట్. బోట్స్‌వెయిన్ (boatswain) అంటే ఓడలో డెక్ పనివాళ్ల మీద అజమాయిషీ చేసేవాడు, పలకాల్సింది బోసన్ అని; గన్‌వేల్ (gunwale) అంటే పడవ పక్కల పై అంచు, పలకాల్సింది గనల్ అని; విక్చువల్స్ (victuals) అంటే తిండి సామాను, పలకాల్సింది విటల్స్ అని. నాకు చివరిది భలే నచ్చింది, ఎందుకంటే ఫ్రెంచ్ నుంచి వచ్చినప్పుడు అందులో 'సి' అక్షరమే లేదు, తర్వాత లాటిన్ మూలాన్ని చూసి స్పెల్లింగ్‌లో చేర్చారు, జనం నోట్లో మాత్రం పాత పలుకే నిలబడిపోయింది. అలిపిరి మెట్లెక్కుతూ కూడా పాప ఇవే వల్లె వేసింది. పోటీ వచ్చే ఆదివారం, టెన్షనంతా మా అక్కకే.