మూడేళ్ల పాపను తండ్రి తీసుకెళ్లిపోతే హెబియస్ కార్పస్ వేయవచ్చా?

ప్రశ్న:
మా చెల్లెలికీ ఆమె భర్తకూ కొంతకాలంగా పొసగడం లేదు. రెండు రోజుల్లో తీసుకొస్తానని చెప్పి ఆయన మూడేళ్ల పాపను తన తల్లిదండ్రుల ఊరికి తీసుకెళ్లి, తిరిగి పంపలేదు. ఫోన్‌లోనైనా మాట్లాడనివ్వడం లేదు. కన్నతండ్రి దగ్గరే ఉంది కదా అని పోలీసులు పట్టించుకోవడం లేదు. హైకోర్టులో హెబియస్ కార్పస్ (అక్రమంగా నిర్బంధించిన మనిషిని కోర్టు ముందుకు తీసుకురమ్మని ఆదేశించాలని కోరే రిట్ పిటిషన్) వేయమని ఒక న్యాయవాది, తండ్రి మీద ఆ రిట్ నిలవదని మరొకరు చెబుతున్నారు. తెలిసినవారు దయచేసి వివరించగలరు.

మొదటి జవాబు:
తండ్రి మీద నిలవదన్న మాట సరికాదండి. రాజ్యాంగం 226వ అధికరణ కింద హైకోర్టు చూసేది ఆ నిర్బంధానికి చట్టం అండ ఉందా లేదా అన్నదే. 1956 నాటి హిందూ మైనారిటీ, సంరక్షకత్వ చట్టం 6వ సెక్షన్ తండ్రిని సహజ సంరక్షకుడిగా గుర్తిస్తూనే, ఐదేళ్లు నిండని బిడ్డ మామూలుగా తల్లి దగ్గరే ఉండాలని చెబుతోంది. మీ చెల్లెలికి అదే పెద్ద బలం. బిడ్డ తల్లిదండ్రుల్లో ఒకరి దగ్గర ఉన్నా రెండోవారు ఈ రిట్ వేయవచ్చని 2020లో యశితా సాహు కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది.

అయితే ఇది అసాధారణ సందర్భాల్లో వాడే చట్టపరమైన మార్గమని, లోతైన విచారణ అవసరమైన చోట హైకోర్టు జోక్యం చేసుకోకుండా సివిల్ కోర్టుకు వెళ్లమనవచ్చని 2019లో తేజస్విని గౌడ్ కేసులో అదే కోర్టు చెప్పింది. రిట్ విచారణ ప్రధానంగా అఫిడవిట్ల (ప్రమాణం చేసి రాసిచ్చే వాంగ్మూలాల) మీదే నడుస్తుంది కనుక, ఎవరు ఎవరిని హింసించారన్న వివాదం అక్కడ తేలదు. పిటిషన్‌ను కాపురం గొడవలతో నింపవద్దని నా గట్టి సలహా.

రెండో జవాబు:
నాదీ ఒక సందేహం. పుట్టింటికి వెళ్లిన భార్యను రప్పించడానికి భర్త ఈ పిటిషన్ వేయవచ్చా?

మొదటి జవాబు ఇచ్చినవారు:
ఆమె మేజర్ కనుక, తన ఇష్టంతోనే అక్కడ ఉన్నానని న్యాయమూర్తులకు చెబితే పిటిషన్ అక్కడితో ముగుస్తుంది. ఆమె ఇష్టానికి విరుద్ధంగా పంపే అధికారం కోర్టుకు లేదు. 2018లో హదియా అనే యువతి కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు సారమూ అదే. కాపురానికి రమ్మని కోరడానికి హిందూ వివాహ చట్టం 9వ సెక్షన్ వేరే ఉంది. మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టు 1983లో దాన్ని కొట్టివేసినా, 1984లో సుప్రీంకోర్టు చెల్లుతుందని తేల్చింది.

మూడో జవాబు:
అడిగినవారికి ఒక మాట. రిట్‌తో పాటు ఫ్యామిలీ కోర్టు దారిని కూడా న్యాయవాదితో చర్చించండి. 1890 నాటి గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం 12వ సెక్షన్ కింద, ప్రధాన కేసు తేలేలోపు పాప తాత్కాలిక కస్టడీ కోరవచ్చు. ఆ చట్టం ప్రకారం పాప సాధారణంగా నివసించే చోటి కోర్టుకే అధికారం ఉంటుంది కనుక, టీకా కార్డు, బడి రసీదులు, డాక్టరు చీటీలు జాగ్రత్త చేయండి. రెండు రోజుల్లో తీసుకొస్తానని ఆయన వాట్సాప్‌లో రాసి ఉంటే దాన్ని చెరపకండి. అన్నిటికంటే ముఖ్యంగా ఆలస్యం చేయకండి. పాప అక్కడి ఇంటికి, మనుషులకు అలవాటుపడేకొద్దీ ఆమెను కదిలించడానికి ఏ న్యాయమూర్తి అయినా వెనకాడతారు.