సమ్మెకు వెళ్తే రోజుకి 8 రోజుల జీతం పోతుందా?

నైట్‌షిఫ్ట్: సాయంత్రం నుంచి ఫోన్‌లో వెతుకుతూనే ఉన్నా, ఒక్కడూ సూటిగా చెప్పి చావడు. మాది ప్రభుత్వ రంగ సంస్థ. వేతన ఒప్పందం గడువు ఎప్పుడో అయిపోయింది, చర్చలు తెగడం లేదు, సోమవారం నుంచి సమ్మె అంటున్నారు. రోజుకి 8 రోజుల జీతం కోస్తారట, అంటే మూడు రోజులకి 24 రోజులు గోవిందా? ఇంట్లో ఒకటే టెన్షన్.

లేబర్‌మాట: నోటీసు ఏ తేదీన ఇచ్చారు? లేబర్ కమిషనర్ దగ్గర కన్సిలియేషన్, అంటే రాజీ చర్చలు, మొదలైందా?

పాతకాపు: తమ్ముడూ, 2019లో తెలంగాణ ఆర్టీసీ వాళ్లు అక్టోబరు 5న దిగితే 52 రోజులు నడిచింది. దాదాపు 48 వేల మంది. అడిగింది ప్రభుత్వంలో విలీనం, నవంబరు 25న విరమించేనాటికి అది దక్కలేదు. అవతల ఆంధ్రాలో 2020 జనవరి 1 నుంచి ఆర్టీసీ వాళ్లు ప్రభుత్వ ఉద్యోగులైపోయారు. మూడు రోజులకే భయపడితే ఎట్లా?

క్లుప్తం: ఆయన అడిగింది జీతం సంగతి.

నైట్‌షిఫ్ట్: నోటీసు గేటు దగ్గర బోర్డుకి అంటించారు గానీ, క్యాంటీన్ రేట్ల కాగితం దాని మీదే అంటించేశారు, తేదీ కనబడట్లేదు.

లేబర్‌మాట: పదిమందికి తగ్గకుండా కూడబలుక్కుని, నోటీసూ సరైన కారణమూ లేకుండా మానేస్తే, రాని రోజుల జీతంతో పాటు ఇంకో 8 రోజులది దాకా కోయొచ్చు. అది మొత్తం మీద పరిమితి, రోజుకి ఎనిమిది కాదు. అదైనా నోటీసుకు బదులు జీతం అన్న షరతు మీ ఉద్యోగ నిబంధనల్లో ఉంటేనే. 1936 వేతన చెల్లింపు చట్టంలో ఉన్న ఈ ముక్కే 2019 వేతనాల కోడ్‌లోకీ వచ్చింది. కాబట్టి మహా అయితే 3+8.

పాతకాపు: అందుకే మేం సమ్మె అనేవాళ్లం కాదు, మూకుమ్మడిగా క్యాజువల్ లీవ్ పెట్టేసేవాళ్లం.

లేబర్‌మాట: ఇప్పుడా పప్పులుడకవు. 2025 నవంబరు 21న అమల్లోకి వచ్చిన పారిశ్రామిక సంబంధాల కోడ్ ప్రకారం సగం మందో అంతకన్నా ఎక్కువమందో అనుకుని ఒకేరోజు సెలవు పెడితే అదీ సమ్మే. 14 రోజుల ముందు నోటీసు ఇవ్వాలి, కన్సిలియేషన్ నడుస్తున్నప్పుడూ అది ముగిశాక 7 రోజుల దాకా దిగకూడదు. దిగితే చట్టవిరుద్ధం, వెయ్యి నుంచి పదివేల దాకా జరిమానా, లేదా నెల దాకా జైలు, రెండూ కూడా వేయొచ్చు.

పాతకాపు: నా లీవు నేను పెట్టుకుంటే సమ్మె ఎట్లా అవుతుందయ్యా? మా రోజుల్లో సెలవు సెలవే, సమ్మె సమ్మే.

లేబర్‌మాట: మీ రోజులు కావు కదా సార్ ఇవి.

క్లుప్తం: పర్మనెంటా, కాంట్రాక్టా?

నైట్‌షిఫ్ట్: కాంట్రాక్టర్ కింద. చెప్పలేదా?

లేబర్‌మాట: మొదట చెప్పాల్సిందే అది! మీకు జీతమిచ్చేది కాంట్రాక్టర్. నోటీసిచ్చిన యూనియన్‌లో మీరున్నారా? వాళ్లు అడిగే ఒప్పందం పర్మనెంట్ వాళ్లకేనా, మీకూనా? మీ నియామక పత్రంలో ఏముంది?

నైట్‌షిఫ్ట్: పత్రం ఎక్కడిది, గేట్ పాసే ఉంది.

పాతకాపు: అయితే జీతం కోత కాదు చూసుకోవాల్సింది, ఆ పాస్ రెన్యువల్.

నైట్‌షిఫ్ట్: సరే అన్నా, థ్యాంక్స్. డ్యూటీకి టైమైంది, మళ్లీ చూస్తా.