ఫీనిక్స్ దగ్గర నాన్నతో ఒక్కరోజు ట్రెక్: పెరాల్టా ట్రెయిల్ వెళ్లొచ్చా?

అందరికీ నమస్కారం. మేం అరిజోనాలో చాండ్లర్‌లో ఉంటాం. అనంతపురం నుంచి అమ్మానాన్నలు డిసెంబరులో వస్తున్నారు. నాన్నకి 66 ఏళ్లు, రోజూ నడుస్తారు. అమ్మకి మోకాళ్ల నొప్పులు. అమ్మని కారులోనే సౌత్ మౌంటెన్ మీద డాబిన్స్ లుకౌట్‌కి తీసుకెళ్తాను, ఆ సంగతి తేలిపోయింది.

నాన్న మాత్రం ఎడారి కొండలు ఎక్కాల్సిందే అంటున్నారు. సూపర్‌స్టిషన్ కొండల్లో పెరాల్టా ట్రెయిల్ అనుకుంటున్నా. పైన ఫ్రీమాంట్ శాడిల్ అనే కనుమ దాకా వెళ్తే ఎదురుగా వీవర్స్ నీడిల్ అనే సూది లాంటి రాతి శిఖరం కనిపిస్తుందిగా, అది చూపించాలని. రానూపోనూ దాదాపు 5 మైళ్లు, 1,300 అడుగులకు పైగా ఎత్తు. ఎక్కడం ఓకే, దిగేటప్పుడు రాళ్ల మీద జారతారేమోనని నా టెన్షన్. ఆ వయసు పెద్దవాళ్లతో ఎవరైనా వెళ్లారా? చివర్లో వచ్చే మట్టిరోడ్డు మామూలు సెడాన్‌కి పర్లేదా?

ఇంకోటి, చొల్లా అనే ఎడారి కాక్టస్ ముళ్లు. పోయినసారి ఒక ముళ్ల ఉండ నా పిక్కకి అంటుకుంటే చేత్తో లాగి వేళ్లకీ గుచ్చుకున్నాను. అప్పటి నుంచి వాటిని లాగేయడానికి బ్యాగులో దువ్వెన ఉంటోంది. దువ్వెన కాక ఇంకేమైనా పెట్టుకుంటారా? నాన్నేమో చెప్పులతోనే వస్తానంటున్నారు, ఆయన్ని బూట్లకి ఎలా ఒప్పించాలో కూడా చెప్పండి!