బ్యాంకు మేనేజర్‌ను రైతు 'నువ్వు' అన్నాడు. తప్పు ఎవరిది?

చెనిక్కాయల_చెట్టు (అనంతపురం):

మాది అనంతపురం పక్కనే. ఇక్కడే ఒక బ్యాంకు బ్రాంచీలో క్లర్కుగా చేస్తున్నాను. పోయిన వారం జరిగిన సంగతి చెప్తాను, తప్పెవరిదో మీరే తేల్చండి.

విత్తనం వేసే రోజులు కదా, పంట లోన్ల రెన్యువల్‌కి జనం కిటకిటలాడుతున్నారు. అరవై దాటిన ఒక రైతు పాసుపుస్తకం, అడంగల్ కాగితాలు ప్లాస్టిక్ కవర్లో చుట్టుకుని వరసగా రెండో రోజు కూడా వచ్చాడు. మా మేనేజర్ గుంటూరు వైపు నుంచి బదిలీ మీద వచ్చి మూడు నెలలైంది. ఆయన క్యాబిన్‌లోంచి బయటికి రాగానే పెద్దాయన ఎదురెళ్ళి, "ఏం సారూ, నిన్న రమ్మంటివి, వస్తే నువ్వు లేకపోతివి. ఈపొద్దన్నా నా పని చేసి పంపీ సారూ" అన్నాడు. కోపంగా కాదు, నవ్వుతూనే.

మేనేజర్ ముఖం మాడిపోయింది. "ఎవర్ని నువ్వు అంటున్నావ్? మర్యాద తెలీదా?" అని అరిచాడు. హాలంతా గప్‌చుప్. పెద్దాయన బిత్తరపోయి, "నేనేమంటి సారూ? సారూ అనే గదా అంటి!" అన్నాడు.

ఇద్దరికీ సర్దిచెప్పి ఆయన పని చేసి పంపించాను. కానీ అప్పట్నుంచి నాకిదే ఆలోచన. 'నువ్వు' అన్న మాటలోనే అమర్యాద ఉందా, లేక వినేవాడి చెవిలో ఉందా?

కృష్ణాతీరం (కర్నూలు, సొంతూరు విజయవాడ):

ఇందులో చర్చకేముందండీ? తెలుగులో 'నువ్వు' ఉంది, 'మీరు' ఉంది. పెద్దవాళ్ళనీ పరిచయం లేనివాళ్ళనీ 'మీరు' అనాలని ఒకటో తరగతి నుంచే నేర్పుతారు. ప్రాంతానికో అర్థం చెప్పుకుంటూ పోతే ఇక భాష ఎందుకు? నేను కర్నూలు వచ్చి ఆరేళ్ళయింది. ఇప్పటికీ కూరగాయలమ్మ "ఏం గావాల నీకు?" అంటే ఒళ్ళు జివ్వుమంటుంది. అలవాటైపోయింది అంతే, నచ్చి కాదు.

గువ్వలచెరువు_కోవా (కడప):

అన్నా, ఆరేళ్ళున్నావు, ఇంకా అర్థం కాలేదా? (చూశావా, 'అన్నా' అని పిలిచి 'ఉన్నావు' అంటున్నా. తిట్టినట్టుందా?)

మా సీమలో మర్యాద క్రియాపదం చివర ఉండదు. పిలుపులో ఉంటుంది. అన్నా, అక్కా, అవ్వా, మామా, సామీ, సారూ. పిలుపు పెట్టాక ఇక 'వచ్చినావా, తిన్నావా' అంటే చాలు. పిలుపు లేకుండా మొండిగా "ఎక్కడికి పోతున్నారు?" అని అడిగితే మా అవ్వకు నచ్చదు. "ఎవుర్నో అడిగినట్ల అడుగుతాడే వీడు" అంటుంది. మీకు '-అండి' తోక లేకపోతే కొరత, మాకు ముందర వరస లేకపోతే కొరత.

ఆ రైతు ఒక్క ముక్కలో రెండుసార్లు 'సారూ' అన్నాడు. మేనేజర్ చెవికి ఆ రెండు వినపడలేదు, మధ్యలో ఉన్న 'నువ్వు' ఒక్కటే వినపడింది.

కోస్తా_కోడలు (ప్రొద్దుటూరు):

నాది తణుకు. పెళ్ళయి ప్రొద్దుటూరు వచ్చి పదకొండేళ్ళు. కొత్తలో మా ఆయన్ని "ఏవండీ, భోంచేస్తారా?" అంటే వాకిట్లో కూర్చున్న ఆడవాళ్ళు పగలబడి నవ్వారు. "ఏమ్మే, మొగున్ని కలెక్టర్ను చేస్తివే!" అని ఒకావిడ. నాకు ఏడుపొచ్చింది. మా అత్తగారు మా మామగారిని 'నువ్వు' అంటుంటే మొదట్లో వీళ్ళిద్దరికీ పడదేమో అనుకున్నాను. చూస్తే ఆ ఇంట్లో ఆమె మాటకు ఎదురు లేదు, ఆయన ఆమెను అడక్కుండా గేదెను కూడా అమ్మడు.

మామగారిని "మామా, తిన్నావా?" అనడానికి నాకు దగ్గర దగ్గర ఏడాది పట్టింది. మొదటిసారి అన్న రోజు ఆయన అన్నం కలుపుతూ తలెత్తి చూసి, "ఇప్పుడు మా ఇంటి పిల్లవైతివి" అన్నారు. తణుకులో ఇదే మాట మా నాన్నతో అంటే వీపు పగిలేది. నేనూ అదే, నోరూ అదే.

పాత_లెక్చరర్ (అనంతపురం):

తెలుగు చెప్పి రిటైరయ్యాను, కాస్త పెద్దగా రాస్తాను, ఓర్చుకోండి.

కృష్ణాతీరం గారు అర్థమంతా పదంలోనే ఉంటుందంటున్నారు. ఇంట్లో బియ్యం అయిపోతే ఏమంటాం? 'నిండుకున్నాయి' అంటాం. పదాన్ని పట్టుకుంటే డబ్బా నిండా బియ్యం ఉండాలి. దీపం ఆరితే 'కొండెక్కింది', మంగళసూత్రంలో పూసలు తెగితే 'పెరిగాయి'. అశుభం పలకకూడదన్న ఒక సమాజపు నమ్మకం పదాల్ని తలకిందులు చేసింది. కొత్తగా తెలుగు నేర్చుకున్నవాడు నిఘంటువు పట్టుకుని వంటింట్లోకి వస్తే ఆ పూట పస్తే.

మలినోవ్‌స్కీ అనే మానవశాస్త్రవేత్త పసిఫిక్ మహాసముద్రంలో ట్రోబ్రియాండ్ దీవులవాళ్ళ మధ్య ఉండి వాళ్ళ భాష నేర్చుకున్నాడు. వాళ్ళ మాటల్ని ఇంగ్లీషులో పెట్టబోతే పదానికి పదం దొరికినా అర్థం దొరకలేదు. ఆ మాట ఏ పనిలో, ఎవరి మధ్య, ఏ సందర్భంలో వచ్చిందో చెబితే తప్ప అది బోధపడదని 1923లో రాశాడు. ఇక నువ్వు-మీరు సంగతి మీదే బ్రౌన్, గిల్మన్ అని ఇద్దరు అమెరికన్ ప్రొఫెసర్లు 1960లో ఒక వ్యాసం రాశారు. ఫ్రెంచిలో తు-వూ, జర్మన్‌లో దు-జీ, మనకు నువ్వు-మీరు. వాళ్ళు చెప్పింది ఏమంటే, ఈ మాటల వెనక రెండు లెక్కలుంటాయి. ఒకటి అధికారం, రెండోది దగ్గరితనం. ఇద్దరూ ఒకర్నొకరు 'నువ్వు' అనుకుంటే దగ్గరితనం. ఒకడు 'నువ్వు' అంటే రెండోవాడు 'మీరు' అనాల్సి వస్తే అది అధికారం. అంటే 'నువ్వు' అన్నది ఒక్కటే చూస్తే చాలదు, తిరుగు జవాబులో ఏం వచ్చిందో చూడాలి.

గువ్వలచెరువు_కోవా:

సార్, ఈ బ్రౌన్ మన కడప బ్రౌన్ కాదు కదా? మాకు బ్రౌన్ అంటే ఒక్కడే, నిఘంటువు బ్రౌన్.

పాత_లెక్చరర్:

కాదు నాయనా. మన సీపీ బ్రౌన్ ఈ వ్యాసానికి వందేళ్ళకు పైగా ముందు కడపకొచ్చినవాడు. ఈయన రోజర్ బ్రౌన్, మనస్తత్వ శాస్త్రవేత్త.

కొండారెడ్డి_బురుజు (కర్నూలు జిల్లా):

సీమలో 'నువ్వు' అంటే ప్రేమ, ఆత్మీయత అని అందరూ మురిసిపోతున్నారు. ఒక మాట చెప్తా, కోపం తెచ్చుకోవద్దండి.

మా నాయన జీతగాడు. మా ఊళ్ళో పెద్ద కులం ఇంటి పిల్లోడు, పదేళ్ళు కూడా ఉండవు, మా నాయనను పేరు పెట్టి "ఒరేయ్, ఎద్దులు తోలుకురా" అనేవాడు. మా నాయన ఆ పిల్లోణ్ణి "సామీ" అనేవాడు. నేను పక్కనే నిలబడి ఉండేవాణ్ణి. అది ఏ ఆత్మీయత? "పిలుపులో మర్యాద" అంటున్నారే, మా నాయనకు ఏ పిలుపు దొరికింది? అన్నా, మామా అనే వరసలు కూడా ఊళ్ళో అందరికీ అందరితో కలవవు. మీ గడప లోపల 'నువ్వు' తియ్యగా ఉండొచ్చు. మా పేటలో దానికి వేరే అర్థం ఉంది.

నేను కర్నూలుకొచ్చి ఉద్యోగం చేశాక, మొదటిసారి ఒకాయన నన్ను 'మీరు' అన్నప్పుడు వెనక్కి తిరిగి చూశా, ఇంకెవరినైనా అంటున్నాడేమో అని. ఆ 'మీరు' నాకు కోస్తాదీ కాదు, పుస్తకాలదీ కాదు. నాకు కావాల్సింది.

గువ్వలచెరువు_కోవా:

దీనికి నా దగ్గర జవాబు లేదన్నా. నేను మా ఇంటి వాకిలి నుంచి చూసి రాశా.

ఉగ్గాని_బజ్జి (ఆదోని):

అందరూ ఒకటి వదిలేశారు. చెనిక్కాయల చెట్టు రాసింది మళ్ళీ చదవండి. మేనేజర్ ఏమన్నాడు? "ఎవర్ని నువ్వు అంటున్నావ్? మర్యాద తెలీదా?" అంటున్నా'వ్'! అరవై దాటిన మనిషిని ఏకవచనంలో అరుస్తూ మర్యాద నేర్పుతున్నాడు. లెక్చరర్ సార్ చెప్పిన తిరుగు జవాబు ఇదే కదా. ఆయనకు కావాల్సింది తెలుగు మర్యాద అయితే ముందు తను అనాలి కదా 'మీరు' అని.

చెనిక్కాయల_చెట్టు:

నిజమే. నేను రాసేటప్పుడు కూడా గమనించలేదు. ఆ బ్రాంచీలో ఏడేళ్ళుగా ఉన్నా, కౌంటర్ లోపలినుంచి బయటికి 'నువ్వు' వెళ్తే అది మాకెవరికీ వినపడదు. ఇటు నుంచి అటు పోయేదానికి చెవులు ఉండవు, అటు నుంచి ఇటు వచ్చేదానికి మాత్రం ఉంటాయి. నాతో సహా.

కృష్ణాతీరం:

సరే, ఆ మేనేజర్ చేసింది తప్పే, ఒప్పుకుంటున్నాను. కానీ దానివల్ల నా మాటే బలపడుతోంది కదా? ఆఫీసుల్లో, స్టేషన్లలో, ఆసుపత్రుల్లో అందరూ అందరినీ 'మీరు' అనాలి అని ఒక్క రూలు పెట్టేస్తే రైతుకీ మేలు, కొండారెడ్డి బురుజు గారి నాన్నగారి లాంటివాళ్ళకీ మేలు. ఇళ్ళలో ఎవరి ఇష్టం వాళ్ళది.

ఉగ్గాని_బజ్జి:

లోపలివాళ్ళకు రూలు పెట్టండి, రెండు చేతులా ఓటేస్తా. బయట క్యూలో నిలబడ్డవాడికి ఎందుకు? జీతం తీసుకునేవాడు నేర్చుకోవాలి. మూడు నెలలు ఈ ఊళ్ళో ఉండి ఇక్కడి జనం ఎలా మాట్లాడతారో పట్టుకోలేకపోయాడంటే రోజూ ఎవరితో మాట్లాడుతున్నట్టు?

పాత_లెక్చరర్:

రూలు పెట్టడం కొత్తేమీ కాదు. పదిహేడో శతాబ్దంలో ఇంగ్లండులో క్వేకర్లని ఒక మత శాఖ వాళ్ళు సరిగ్గా మీకు తిరగేసి చేశారు. అప్పట్లో ఇంగ్లీషులో కూడా రెండు ఉండేవి. 'దౌ' అంటే నువ్వు, 'యూ' అంటే మీరు. దేవుడి ముందు అందరూ సమానమే కాబట్టి జడ్జీనైనా, దొరనైనా 'దౌ' అనే పిలుస్తాం అన్నారు. దానికి తన్నులు తిన్నారు, జైళ్ళకు కూడా వెళ్ళారు. చివరికి ఇంగ్లీషువాళ్ళు అందరినీ 'యూ' అనుకోవడం మొదలుపెట్టి 'దౌ'ను వదిలేశారు. కృష్ణాతీరం గారు అడిగింది అక్కడ జరిగిపోయింది. ఇంగ్లీషువాడు మర్యాద చూపించడం, అవమానించడం మానేశాడా? లేదు. అది గొంతులోకీ, 'సర్' లోకీ, పేరు ఎలా పిలుస్తాడన్న దాంట్లోకీ జరిగింది.

మన వేమన కదిరి దగ్గర కటారుపల్లిలో సమాధి అయ్యాడంటారు. పద్యం పద్యానికీ మకుటంలో 'వినుర' అనే అన్నాడు. ఆ 'ర' ఎవరికీ గుచ్చుకోలేదు. అన్నమయ్య వెంకటేశ్వరుణ్ణే 'నీవు' అన్నాడు. అలాగని దేవుడితో చెల్లింది కాబట్టి మేనేజర్‌తోనూ చెల్లాలి అని నేను అనడంలేదు. కొండారెడ్డి బురుజు గారి మాట విన్నాక అసలు అనలేను.

ఇంకొక్కటి. బడిలో నేర్పే తెలుగుకు మర్యాద ఎక్కడి నుంచి వచ్చిందో కూడా చూడాలి. గిడుగు రామమూర్తి వాడుక భాష కోసం పోరాడి గెలిచాక, పుస్తకాలకీ పత్రికలకీ ఎక్కిన వాడుక ఎక్కువగా గోదావరి, కృష్ణా, గుంటూరు వైపు చదువుకున్నవాళ్ళది. వాళ్ళింటి అలవాటు రాష్ట్రానికంతా వ్యాకరణం అయింది. తెలుగు శాసనాల్లో అతి పాతది కలమళ్ళలో, మన కడప జిల్లాలోనే దొరికింది, 575 నాటిది. అంతకాలంగా తెలుగు మాట్లాడుతున్న నేల మీద నిలబడి ఒక రైతు మాట్లాడితే అది 'మర్యాద తెలియని తెలుగు' అయింది.

కోస్తా_కోడలు:

చెనిక్కాయల చెట్టు గారూ, ఆ రైతు మళ్ళీ వచ్చారా?

చెనిక్కాయల_చెట్టు:

నిన్న వచ్చాడు. అది చెప్దామనే లాగిన్ అయ్యా.

తెల్ల చొక్కా వేసుకుని వచ్చాడు. నా కౌంటర్ దగ్గర "ఏం నాయనా, బాగుండావా" అన్నాడు, మామూలుగానే. మేనేజర్ రాగానే లేచి నిలబడి, "నమస్కారమండి. మీరు చెప్పిన కాగితం తెచ్చినానండి. మీరు చూసి సంతకం పెడతారా అండి" అన్నాడు. ఒక్కో 'అండి' విడివిడిగా, రాళ్ళు ఏరి పక్కన పెడుతున్నట్టు. క్యూలో ఉన్న ఆయన ఊరివాళ్ళు తలలు దించుకున్నారు. మా వైపు ఒక మనిషి ఉన్నట్టుండి 'మీరు' మొదలుపెట్టాడంటే ఇక ఇంటికి రాకపోకలు లేవని అర్థం.

మేనేజర్ సంతకం పెట్టి ఇచ్చాడు. ఆయన వెళ్ళాక నా వైపు తిరిగి, "చూశారా, చెప్తే నేర్చుకుంటారు" అన్నాడు సంతోషంగా.

పెద్దాయన పొయ్యేముందు నా దగ్గర ఆగి, తన గోల్డ్ లోన్ మొత్తం కట్టేస్తే ఎంతవుతుందో లెక్క రాసిమ్మన్నాడు. రాసిచ్చా.

గువ్వలచెరువు_కోవా:

మేనేజర్‌కు చెప్పావా?

చెనిక్కాయల_చెట్టు:

లేదు. ఆయన ఈ బ్రాంచీకి వచ్చిన మొదటి రోజు నుంచీ నేను ఆయన్ని 'మీరు' అనే అంటున్నా.