గేమ్ ఆడేటప్పుడు తెర మీద తేలే పెట్టెలన్నిటినీ ఆపేయాలా, కొన్నిటిని ఉంచుకోవాలా?

అమీర్‌పేట_హాస్టల్ (చర్చ మొదలుపెట్టినవారు)

అందరికీ నమస్కారం. నేను అమీర్‌పేటలోని ఒక హాస్టల్‌లో ఉండి కోచింగ్‌కు వెళ్తున్నాను. రాత్రి భోజనాలయ్యాక మా గదిలో నలుగురం కలిసి గంటసేపు బీజీఎంఐ అనే కాల్పుల ఆట ఆడటం మాకు అలవాటు. పోయిన శనివారం చివరి జోన్‌లో మా వైపు నేనొక్కడినే, ఎదుటి వైపు ఒక్కడే మిగిలి, గదిలో మిగతా ముగ్గురూ నా మంచం చుట్టూ చేరి ఊపిరి బిగబట్టి చూస్తున్న సమయంలో, ఫోన్ చేస్తున్నది ఎవరో చెప్పే యాప్ ఒకటి 'స్పామ్ కావచ్చు' అంటూ సగం తెరను కప్పేసే పెట్టెను తెరిచింది. కాల్పుల బటన్ మీదికి వెళ్తున్న నా బొటనవేలు ఆ పెట్టెలోని ప్రకటన మీద పడటంతో, ఆట పక్కకు పోయి ఏదో అప్పులిచ్చే యాప్ పేజీ తెరుచుకుంది. నేను తిరిగి ఆటలోకి వచ్చేసరికి అంతా అయిపోయింది.

ఆ రోజు నేను డు నాట్ డిస్టర్బ్ (కాల్స్, నోటిఫికేషన్లు అడ్డురాకుండా ఆపే ఏర్పాటు) పెట్టుకునే ఆటకు కూర్చున్నాను. అయినా ఆ పెట్టె ఎలా వచ్చిందో నాకు అర్థం కాలేదు. ఆ రాత్రి నుంచి మా గదిలో రెండు పక్షాలు ఏర్పడ్డాయి. ఇతర యాప్‌ల మీద కనిపించే అనుమతిని అన్నిటికీ తీసేయాలని నేనంటున్నాను. చాట్ బుడగ, రికార్డింగ్ బటన్, ఆట సెకనుకు గీసే బొమ్మలను (ఫ్రేమ్‌లను) లెక్కించే అంకె వంటివి లేకపోతే ఆటలో సగం మజా పోతుందని, పైగా ఇంటి నుంచి వచ్చే కాల్ తెలియకుండా పోతుందని నా స్నేహితుడు అంటున్నాడు. అనుభవం ఉన్నవారు చెప్పగలరు.

మియాపూర్_లైన్

నేను ఆండ్రాయిడ్ యాప్‌లు రాసే ఉద్యోగంలో ఉన్నాను కాబట్టి ముందు మీ సందేహం తీరుస్తాను. నోటిఫికేషన్ వేరు, ఓవర్‌లే వేరు. నోటిఫికేషన్‌ను యాప్ సిస్టమ్ చేతికి ఇస్తుంది, చూపాలా వద్దా అన్నది సిస్టమ్ నిర్ణయిస్తుంది; డు నాట్ డిస్టర్బ్ ఆపగలిగేది దీనినే. ఓవర్‌లే అలా కాదు. ఒకసారి అనుమతి చేతికి వచ్చాక ఆ యాప్ తన సొంత కిటికీని మీ ఆట మీద నేరుగా గీసుకుంటుంది, ఎవరినీ మళ్లీ అడగదు. మీ ఇంటి గేటుకు తాళం వేసినా, మీరే తాళంచెవి ఇచ్చినవాడు లోపలికి రావడం లాంటిదే ఇది.

ఈ బెడద కొత్తదేమీ కాదు. 2015లో వచ్చిన ఆండ్రాయిడ్ 6లో ఈ అనుమతిని సెట్టింగ్స్‌లో విడిగా ఇచ్చే ప్రత్యేక అనుమతిగా మార్చారు. 2017లో ఆండ్రాయిడ్ 8 వచ్చాక ఈ కిటికీలు స్టేటస్ బార్‌ను కప్పలేకుండా చేశారు. తక్కువ మెమరీ ఉన్న ఫోన్ల కోసం చేసిన ఆండ్రాయిడ్ 10 గో ఎడిషన్‌లోనైతే ఈ అనుమతిని యాప్‌లకు ఇవ్వడమే మానేశారు, ఎందుకంటే పైన గీసే కిటికీలు మెమరీని ఎక్కువగా తినేస్తాయి. చవక ఫోన్‌లో బరువని తీసేసినదాన్ని ఖరీదైన ఫోన్‌లో మనం పది యాప్‌లకు పంచిపెట్టుకుంటున్నాం.

తెరకు సంబంధించిన లెక్క కూడా చెప్పాలి. 60 హెర్ట్జ్ తెర, అంటే సెకనుకు 60 సార్లు మారే తెర మీద ఒక్కో ఫ్రేమ్‌కు దొరికే సమయం సుమారు 16.7 మిల్లీసెకన్లు, 90 హెర్ట్జ్ అయితే 11.1, 120 హెర్ట్జ్ అయితే 8.3. ఆట ఒక పొర, నావిగేషన్ బార్ ఒక పొర, మీ బుడగ ఇంకో పొర. ఈ పొరలను కలిపి తెరకు పంపే పనిని డిస్‌ప్లే హార్డ్‌వేర్ చాలా తక్కువ కరెంటుతో చేసేస్తుంది, కానీ అది ఒకేసారి కలపగల పొరల సంఖ్యకు పరిమితి ఉంటుంది. ఆండ్రాయిడ్ మార్గదర్శకాలు కనీసం నాలుగు ఉండాలంటాయి. ఆ పరిమితి దాటితే మిగిలిన కలపడం పని గ్రాఫిక్స్ చిప్ మీద పడుతుంది, అప్పటికే ఆటను గీయడంలో మునిగి ఉన్న ఆ చిప్ మరింత వేడెక్కుతుంది. బుడగ చూడటానికి రూపాయి బిళ్లంత ఉంటుంది, కానీ హార్డ్‌వేర్‌కు అది చిన్నదా పెద్దదా అన్నది కాదు, ఒక పొర పెరిగిందన్నదే లెక్క. కాబట్టి నా మాట ఒక్కటే: అన్నీ తీసేయండి, మినహాయింపులు వద్దు.

జగదీశ్_మార్కెట్_బెంచి

ఆబిడ్స్ జగదీశ్ మార్కెట్‌లో ఫోన్లు బాగుచేసే పని నాది. మియాపూర్ గారు పొరల లెక్క చెప్పారు, నేను బెంచి మీద చూసింది చెబుతాను.

కొన్నాళ్ల కిందట ఇంటర్ చదివే ఒక అబ్బాయి నాన్నగారితో కలిసి వచ్చాడు. ఆట ఆడేటప్పుడు తెర కుడి అంచున వేలెడంత మేర టచ్ పనిచేయడం లేదన్నది ఫిర్యాదు. అప్పటికే వేరే చోట డిస్‌ప్లే మార్పించారు, అయినా జబ్బు అలాగే ఉంది. నేను స్క్రూడ్రైవర్ పట్టుకోలేదు. ఫోన్‌ను సేఫ్ మోడ్‌లో పెట్టాను. సేఫ్ మోడ్‌లో మనం వేసుకున్న యాప్‌లేవీ నడవవు, ఫోన్‌తో వచ్చినవే నడుస్తాయి. టచ్ చక్కగా పనిచేసింది. మామూలు మోడ్‌కు తెచ్చి చూస్తే కుడి అంచున కంటికి కనిపించని ఒక పట్టీ ఉంది. పక్క నుంచి జరిపితే మెనూ తెరిచే ఒక యాప్ దాన్ని పరిచి పెట్టింది. వేలు పడిన ప్రతిసారీ ఆ టచ్‌ను ఆటకు చేరనివ్వకుండా ఆ పట్టీయే మింగేస్తోంది. అనుమతి తీసేయడానికి నాకు పట్టిన సమయం అర నిమిషం. ఆ తండ్రి ముఖం చూసి డబ్బులు అడగబుద్ధి కాలేదు.

కంటికి హాయి అని వేసుకునే నీలికాంతి ఫిల్టర్ యాప్‌లదీ ఇదే వరుస. 2021లో ఆండ్రాయిడ్ 12 వచ్చినప్పటి నుంచి, వేరే యాప్ పరిచిన దట్టమైన పొర గుండా వచ్చే టచ్‌ను సిస్టమే ఆపేస్తోంది. మోసగాళ్లు తెర మీద దొంగ పొర పరిచి, మనం ఒకటి నొక్కుతున్నామనుకుంటే ఇంకొకటి నొక్కించే పద్ధతిని అడ్డుకోవడానికి పెట్టిన కట్టుబాటు అది. పలచని పొరలకు మినహాయింపు ఉంది గానీ, ఫిల్టర్‌ను బాగా ముదురుగా పెట్టుకున్నవాళ్ల ఫోన్‌లో కింద ఉన్న బటన్లు పలకవు. ఫిల్టర్ కావాలంటే ఫోన్‌లో ముందే ఉన్నదాన్ని వాడుకోండి, అది ఈ అనుమతి మీద నడిచేది కాదు. టచ్ పోయిందని డిస్‌ప్లేకు వేల రూపాయలు పోసే ముందు ఒక్కసారి సేఫ్ మోడ్ చూడండి. నా వ్యాపారానికి నష్టమే అయినా చెబుతున్నాను.

ఉప్పల్_అమ్మ

మీరంతా పిల్లల వైపు నుంచే మాట్లాడుతున్నారు, అందుకని రాయాల్సి వచ్చింది. మా అబ్బాయి తొమ్మిదో తరగతి. ఆ బీజీఎంఐ ఆట 2021లో మన దేశంలో విడుదలైనప్పుడే 18 ఏళ్లలోపు వారికి రోజుకు 3 గంటలకు మించి లేదని ప్రకటించారు గానీ, మావాడు వాళ్ల నాన్న నంబరుతో ఆడుతున్నాడు కాబట్టి ఆ పరిమితి మా ఇంట్లో పనిచేయలేదు. అందుకే గంట కాగానే 'ఈ రోజుకు సమయం అయిపోయింది' అని తెర మొత్తం కప్పేసే యాప్ ఒకటి వేశాను. నెల రోజులు బాగానే నడిచింది. తర్వాత ఒకరోజు వాడు నా దగ్గరికి వచ్చి, ఓవర్‌లేల వల్ల ఫోన్ వేడెక్కుతోందని, అన్నిటికీ అనుమతి తీసేశానని ఎంతో బుద్ధిమంతుడిలా చెప్పాడు. నేను మెచ్చుకున్నాను కూడా. మూడు రోజుల తర్వాత గానీ నాకు తెలిసిరాలేదు, ఆ తెర కప్పే యాప్ కూడా అదే అనుమతి మీద నడుస్తుందని.

మినహాయింపులు వద్దని మియాపూర్ గారు సులువుగా అనేశారు. పైగా హాస్టల్‌లో ఉండే పిల్లలకు రాత్రి పదింటికి ఇంటి నుంచి ఫోన్ వచ్చిందంటే ఊరికే వచ్చి ఉండదు. నాయనా అమీర్‌పేట, మీ అమ్మగారి కాల్ నీకు ఎలా తెలుస్తుందో ముందు ఆలోచించుకో.

మాదాపూర్_రైడర్

నేను ఫుడ్ డెలివరీ చేస్తాను. మధ్యాహ్నం రద్దీ తగ్గాక హోటళ్ల ముందు బండి ఆపుకొని ఆర్డర్ కోసం ఎదురుచూసేటప్పుడు మాలో చాలామందిమి క్యారమ్స్ లాంటి ఆటలు ఆడుతుంటాం. మా యాప్ కొత్త ఆర్డర్‌ను ఓవర్‌లేగానే చూపిస్తుంది, కొన్ని సెకన్లలోపు ఒప్పుకోకపోతే అది ఇంకొకరికి పోతుంది. ఈ చర్చ చదివి సరదాగా ఒక పూట ఆ అనుమతి తీసి చూశాను. రెండు ఆర్డర్లు పోయాయి, ఆటలో మాత్రం గెలిచాను.

మియాపూర్_లైన్

ఉప్పల్ అమ్మగారికి, మాదాపూర్ గారికి వేర్వేరుగా జవాబివ్వాలి.

అమ్మగారూ, కాల్ తెలియడానికి ఓవర్‌లే అవసరం లేదు. ఫోన్ చేతిలో ఉండి వాడుతున్నప్పుడు కాల్ వస్తే ఫోన్ యాప్ పై అంచున చిన్న పట్టీగా చూపిస్తుంది, అది నోటిఫికేషన్ మాత్రమే. అమీర్‌పేట గారి ఆటను చెడగొట్టింది కాల్ కాదు, ఆ కాల్ గురించి చెప్పడానికి వచ్చిన రెండో యాప్. దాని అనుమతి తీసేసినా కాల్ వస్తూనే ఉంటుంది, పెట్టె మాత్రం రాదు. డు నాట్ డిస్టర్బ్‌లో కూడా నక్షత్రం గుర్తు పెట్టుకున్న కాంటాక్టులకు మినహాయింపు ఇవ్వవచ్చు. ఒకే నంబరు నుంచి 15 నిమిషాలలోపు రెండోసారి కాల్ వస్తే మోగనిచ్చే ఏర్పాటు కూడా ఆండ్రాయిడ్‌లో ఉంది. అమ్మానాన్నల నంబర్లకు నక్షత్రం పెడితే సరిపోతుంది.

మీ అబ్బాయి విషయంలో మాత్రం నా మాట వెనక్కి తీసుకుంటున్నాను. అనుమతులు ఎవరు మార్చగలరన్నది కూడా ఈ ప్రశ్నలో భాగమేనన్న సంగతి నాకు తట్టలేదు. సెట్టింగ్స్‌కు విడిగా పిన్ పెట్టే వీలు మీ ఫోన్‌లో ఉందేమో చూడండి. మాదాపూర్ గారి యాప్ బతుకుతెరువు, దాని జోలికి వెళ్లకండి, మిగతావి తీసేయండి. అయితే ఈ రెండూ తప్ప మూడో మినహాయింపుకు నేను ఇప్పటికీ ఒప్పుకోను.

ఫ్రేమ్_లెక్క

మూడోది నేను చెబుతాను. ఎఫ్‌పీఎస్ అంకె, అంటే సెకనుకు ఎన్ని ఫ్రేమ్‌లో చెప్పే అంకె తెర మీద లేకపోతే ఫోన్ ఎప్పుడు వేడెక్కి మందగించిందో తెలిసేదెలా? మీరు చెప్పిన పొరల భారాన్ని కొలవడానికే ఆ అంకె కావాలి కదా!

మియాపూర్_లైన్

కొలిచే పరికరమే భారం పెంచుతుంటే ఆ కొలతను ఎంతవరకు నమ్మాలన్నది మొదటి మాట. ఇక రెండోది, చాలామంది డెవలపర్ ఆప్షన్లలోని రిఫ్రెష్ రేట్ అంకెను చూసి అదే ఎఫ్‌పీఎస్ అనుకుంటారు. అది తెర సెకనుకు ఎన్నిసార్లు మారుతోందో చెబుతుంది గానీ, ఆట ఎన్ని ఫ్రేమ్‌లు గీసిందో చెప్పదు. ఆట 40 దగ్గర ఈడుస్తున్నా అక్కడ 120 అని కనిపించవచ్చు. ఫోన్‌తో వచ్చిన గేమ్ మోడ్‌లో అంకె ఉంటే దాన్ని పది నిమిషాలు పెట్టి చూసుకోండి, సంగతి తెలిశాక ఆపేయండి. జ్వరం ఉన్నప్పుడు థర్మామీటర్ పెట్టుకుంటాం, రోజంతా నోట్లో పెట్టుకొని తిరగం.

తార్నాక_ఐఫోన్

ఐఫోన్‌లో ఈ గొడవే లేదు, ఇతర యాప్‌ల మీద గీసే అనుమతిని ఆపిల్ మామూలు యాప్‌లకు ఇవ్వదు. 2020లో ఐఓఎస్ 14 వచ్చేదాకా మాత్రం కాల్ వస్తే తెర మొత్తం కప్పేసేది, ఆ తర్వాతే అది పై అంచు పట్టీగా మారింది.

జగదీశ్_మార్కెట్_బెంచి

తార్నాక గారూ, ఆ పట్టీ కూడా ఆటలో పైకి జరిపే వేలికి అడ్డం పడుతుందని ఐఫోన్ వాళ్లు నా దగ్గర మొత్తుకుంటూనే ఉంటారు.

అమీర్‌పేట_హాస్టల్

అందరికీ ధన్యవాదాలు. నిన్న మధ్యాహ్నం సెట్టింగ్స్‌లో ప్రత్యేక యాప్ అనుమతుల పేజీ తెరిచి చూస్తే, నా ఫోన్‌లో 11 యాప్‌లకు ఆ అనుమతి ఉంది. అందులో ఒకటి టార్చ్‌లైట్ యాప్; దానికి నేను ఎప్పుడు ఇచ్చానో ఎంత ఆలోచించినా గుర్తురాలేదు. పది తీసేశాను. రికార్డింగ్ బటన్ ఒక్కటి ఉంచాను, ఎందుకంటే నా స్నేహితుడు ఒప్పుకోలేదు, పైగా వాడి వాటా కూడా పెట్టి కొన్న ఫోన్ కూలర్ నా దగ్గరే ఉంది. ఉప్పల్ అమ్మగారి మాట విని అమ్మ నంబరుకు నక్షత్రం పెట్టాను.

రాత్రి రెండో మ్యాచ్ మధ్యలో అమ్మ ఫోన్ చేసింది. పైన సన్నటి పట్టీ వచ్చింది, బొటనవేలికి ఎక్కడా అడ్డం రాలేదు. ఎత్తాను. 'భోంచేశావా' అని అడిగింది. నేను మాట్లాడి వచ్చేసరికి మా జట్టు ఓడిపోయింది. దీనికి ఓవర్‌లే కారణమా కాదా అని గదిలో ఇప్పుడు కొత్త వాదన నడుస్తోంది.