‘గోరసవ్రతో నోభే’: ముందు ‘అ’ ఉందా?

అరసున్న:
పయోవ్రతో న దధ్యత్తి న పయోఽత్తి దధివ్రతః
…గోరసవ్రతో నోభే తస్మాత్తత్త్వం త్రయాత్మకమ్

జైనాచార్యుడు సమంతభద్రుడి ఆప్తమీమాంస, 60వ కారిక (శ్లోకం): పాలు వ్రతమైనవాడు పెరుగు తినడు, పెరుగు వ్రతమైనవాడు పాలు తాగడు, మూడోవాడు రెండూ ముట్టడు (‘నోభే’), కనక తత్త్వం మూడు రూపాలది. మూడో పాదం మొదట్లో ఏదో జారిపోయింది. నోటికి ‘గోరసవ్రతో’ అనే వస్తోంది. గోరసమే వ్రతమైనవాడు పాలూ పెరుగూ రెండూ ఎందుకు మానతాడు? ముందున్నది ‘అ’నా, ‘స’నా?

యతిమైత్రి:
అక్షరాలు లెక్కపెట్టండి. అనుష్టుప్పులో పాదానికి 8 ఉండాలి. గో-ర-స-వ్ర-తో-నో-భే ఏడే. ‘అ’ చేరిస్తే ఎనిమిదీ సరిపోతాయి. అయిదోది ‘వ్ర’ లఘువు, ఆరోది ‘తో’ గురువు. ‘దధివ్రతః’ దగ్గర ఆగి చదవాలి. ఆగకుండా లాగితే విసర్గ ఓకారమై ‘దధివ్రతోఽగోరస’ అవుతుంది, ‘అ’ అవగ్రహంలో (ఽ గుర్తులో) కలిసిపోతుంది. అది జారింది అక్కడే.

నఞ్‌సమాసం:
‘స’ పెట్టినా ఎనిమిదే వస్తాయి, కాబట్టి గణితం ఒక్కటే చాలదు. పాఠం ‘అగోరసవ్రతో’ అన్నదే, అనుమానం లేదు. అసలు చిక్కు ఆ ‘అ’ దేనికి అంటుకుంటుందన్నది. ‘గోరసవ్రతం లేనివాడు’ అని విడదీస్తే అతనికి నియమమే లేదు, రెండూ తినొచ్చు, ‘నోభే’ నిలవదు. ‘అగోరసం వ్రతం యస్య’ అనాలి: గోరసం కానిదే తింటానని నియమం పట్టినవాడు. పయోవ్రతః, దధివ్రతః బహువ్రీహులు (‘అది వ్రతంగా గలవాడు’ అనే సమాసాలు) కదా, మూడోదీ అదే పోత.

చల్లకవ్వం:
వ్రతమంటే మానడం అని తీసుకుంటే? పయోవ్రతుడు పాలు మానినవాడు, పాలు మానాడు కనక పెరుగూ తినడు. రెండూ ఒకే ద్రవ్యమని మొదటి పాదంలోనే తేలిపోతుంది. అప్పుడు ‘అ’ లేకపోయినా అర్థం కుదురుతుంది.

నఞ్‌సమాసం:
కుదరదండీ. మొదటి రెండు పాదాలూ భేదం చూపాలి, మూడోది అభేదం చూపాలి. తోడు వేశాక పాలనే పర్యాయం (దశ) పోయింది, పెరుగనే పర్యాయం పుట్టింది, గోరసం నిలిచింది. పోవడం వ్యయం, పుట్టడం ఉత్పాదం, నిలవడం ధ్రౌవ్యం. పాలే తాగేవాడికి పెరుగు పనికిరాదు, కనక అవి వేరు. గోరసమే ముట్టనివాడికి రెండూ పనికిరావు, కనక అవి ఒకటి. ఒకే గిన్నె గురించి ముగ్గురి మాటా నిజమే. మీరన్నట్టు చదివితే ముగ్గురూ ఒకే మాట అంటారు, ఇక ‘త్రయాత్మకం’ దేనికి? ముందున్న 59వ కారిక కూడా చూడండి. బంగారు కుండను కిరీటంగా మారిస్తే కుండ కావాలన్నవాడికి శోకం, కిరీటం కావాలన్నవాడికి సంతోషం, బంగారం చాలన్నవాడికి రెండూ లేవు.

యతిమైత్రి:
వ్రతం అర్థానికి అంత దూరం పోనక్కర్లేదు. భాగవతం అష్టమ స్కంధంలో కశ్యపుడు అదితికి ఉపదేశించిన పయోవ్రతం 12 రోజులది, పాలే ఆహారం. మానడం కాదు. ఆ స్కంధంలోనే పోతన గజేంద్రుడి ‘కలడో లేడో’ కూడా ఉంది. జైనుల స్యాద్వాదంలో ‘అస్తి’ (ఉంది), ‘నాస్తి’ (లేదు) అని చెప్పే భంగాలకు ఇంతకన్నా చక్కని తెలుగు నాకు కనబడలేదు.

నఞ్‌సమాసం:
అక్కడ ఒప్పుకోను. ‘కలడో’లో ఓకారం సంశయం. స్యాద్వాదంలో సంశయానికి చోటు లేదు. వాక్యం ‘స్యాదస్త్యేవ’ (ఒక విధంగా ఉన్నదే). ఆ ‘ఏవ’ను వదిలేసి ‘స్యాత్’ను ‘బహుశా’ అని తెనిగించడం దగ్గరే దారి తప్పుతున్నారు. ఇక్కడ స్యాత్ అస్ ధాతువు విధిలిఙ్ (‘కావచ్చు’ అనే క్రియ) రూపం కాదు; 103వ కారికలో ఆచార్యుడే ‘స్యాన్నిపాతః’ (స్యాత్ ఒక అవ్యయం) అన్నాడు. ‘ఒకానొక విధంగా’ అనాలి. ఏ విధంగానో కూడా చెప్పాలి: ద్రవ్యం, క్షేత్రం, కాలం, భావం. కుండ మట్టిగా ఉంది, నీరుగా లేదు. ఈ ఊళ్లో ఉంది, పొరుగూళ్లో లేదు. ఆ నాలుగూ చెప్పాక ‘ఉన్నదే’, ఇక ఊగిసలాట లేదు. అస్తి, నాస్తి, అవక్తవ్యం (మాటకందనిది): విడిగా 3, జంటలుగా 3, మూడూ కలిపి 1. భంగాలు ఏడే ఎందుకన్నదానికి జవాబు అదే, ఎనిమిదోది పుట్టదు.

యతిమైత్రి:
వ్యాకరణం సరే, పద్యం నడక కూడా చూడండి. ‘కలడందురు’ మూడుసార్లు. దీనులయెడ, పరమయోగి గణములపాల, అన్ని దిశలను. ప్రతి ‘కలడు’కీ ఒక చోటు చెప్పాడు. క్షేత్రం చెప్పి అస్తి అనడం కాదా అది? సంశయం నాలుగో పాదంలోనే, అదీ మూడు అస్తులు గడిచాక. కంద పద్యంలో అంత చోటు చేసుకోవడం పోతనకే చెల్లింది.

అరసున్న:
‘అ’ సంగతి తేలింది, సంతోషం. మరి గోరసం? అమరకోశంలో ‘దండాహతం కాలశేయమరిష్టమపి గోరసః’ అని ఉంది. కవ్వంతో చిలికిన మజ్జిగ పేర్లలో చేర్చాడు. అలాగైతే అగోరసవ్రతుడు మజ్జిగ ఒక్కటే మానినవాడా?

చల్లకవ్వం:
ఆ వెంటనే ఉన్న పాదం కూడా చదవండి. నాలుగోవంతు నీళ్లు పోస్తే తక్రం, సగం పోస్తే ఉదశ్విత్తు, నీళ్లే లేకపోతే మథితం. పాలకు ‘దుగ్ధం క్షీరం పయః’ అని వేరే చెప్పాడు. నీళ్ల వంతు మారితేనే పేరు మార్చేవాడు గోరసాన్ని ఊరికే మజ్జిగలో పెట్టడు.

నఞ్‌సమాసం:
కారికకు అది నప్పదు. మజ్జిగ మానినవాడు పాలు తాగొచ్చు, ‘నోభే’ మళ్లీ పడిపోతుంది. ఇక్కడ గోరసం ఆవు నుంచి వచ్చిన రసం, పాలకూ పెరుగుకూ సామాన్యం.

చల్లకవ్వం:
సామాన్యమైతే మజ్జిగకూ రావాలి కదా. చిలికి వెన్న తీసేశాక కుండలో మిగిలినదాన్ని ఏమంటారు? గోరసం అందులో నిలిచిందా, వెన్నతో పైకి పోయిందా? 59లో బంగారం పూర్తిగా కిరీటంలోకి వెళ్లింది. ఇక్కడ రెండుగా చీలింది.